లా బాంబా పాడిన కుర్రవాడు

రాక్ అండ్ రోల్ అనగానే మనలో చాలామందికి ముందుగా గుర్తొచ్చేది ఎల్విస్ ప్రెస్లీ. సంగీతం మీద ఇంకాస్త ఆసక్తి ఉన్నవాళ్ళు చక్ బెర్రీ పేరో, బడీ హాలీ పేరో చెబుతారు. రిచీ వాలెన్స్ ఎవరని అడిగితే మాత్రం కాసేపు ఆలోచించాల్సి వస్తుంది. పేరు తెలియకపోయినా అతని పాట వినని వాళ్ళు ఈ దేశంలో అరుదు. పెళ్ళి విందుల్లో, స్కూలు పిక్నిక్కుల్లో, బేస్‌బాల్ ఆటల మధ్యలో వినపడే ‘లా బాంబా’ను రాక్ పాటగా మార్చి ప్రపంచానికి అందించినవాడు ఇతనే. అప్పటికి అతని వయసు 17 ఏళ్ళు. అతను బతికింది కూడా అంతే. 18వ పుట్టినరోజు చూడకుండానే వెళ్ళిపోయాడు.

రికార్డింగ్ కంపెనీతో ఒప్పందం కుదిరిన రోజు నుంచి చనిపోయిన రోజు వరకు లెక్కవేస్తే సుమారు ఎనిమిది నెలలు. మనం ఒక సాఫ్ట్‌వేర్ ప్రాజెక్టుకి అవసరాలు రాసుకుని, డిజైన్ పూర్తిచేసే లోపే గడిచిపోయే కాలం అది. అంత తక్కువ సమయంలో ఒక కుర్రవాడు ఏం చేశాడు? అది ఇన్నేళ్ళు ఎలా నిలిచింది? ఇంట్లో ఒక భాష, వీధిలో ఒక భాష మధ్య పిల్లల్ని పెంచుతున్న మనకి ఈ కథ కొంచెం దగ్గరగా కూడా అనిపిస్తుంది.

పకోయిమా కుర్రాడు

అతని అసలు పేరు రిచర్డ్ స్టీవెన్ వాలెన్‌జువేలా. 1941 మే 13న లాస్ ఏంజెలస్ నగరానికి ఉత్తరంగా, శాన్ ఫెర్నాండో లోయలో ఉన్న పకోయిమాలో పుట్టాడు. ఆ రోజుల్లో ఇళ్ళ దస్తావేజుల్లోనే ఫలానా జాతివారికి ఈ ఇల్లు అమ్మకూడదని షరతులు రాసేవారు. ఆ షరతుల వల్ల లోయలో చాలా ప్రాంతాల్లో మెక్సికన్లు, నల్లజాతివారు ఇల్లు కొనడానికి వీలుండేది కాదు. కొనగలిగిన కొద్ది చోట్లలో పకోయిమా ఒకటి. అందుకే అక్కడ రకరకాల మూలాలున్న శ్రామిక కుటుంబాలు పక్కపక్కనే ఉండేవి. పాటలు కూడా అలాగే గోడలు దాటి ఒక ఇంటి నుంచి ఇంకో ఇంటికి వచ్చేవి.

రిచీ తల్లిదండ్రులు మెక్సికన్ మూలాలున్నవాళ్ళు. తండ్రి ఒక ఉద్యోగమని లేకుండా గనుల్లో, ఆయుధాల ఫ్యాక్టరీలో పనిచేశాడు, చెట్లు నరికాడు, గుర్రాలకు శిక్షణ ఇచ్చాడు. ఆయనకి పాటంటే ప్రాణం. పిల్లవాడు సంగీతం వైపు మొగ్గుతున్నాడని గమనించి ప్రోత్సహించింది ఆయనే. 1951లో, రిచీకి 10 ఏళ్ళప్పుడు, చక్కెర వ్యాధితో కన్నుమూశాడు. ఇంటి భారం తల్లి కాన్సెప్సియాన్ మీద పడింది. పిల్లవాడు కొంతకాలం బంధువుల ఇళ్ళలో కూడా పెరిగాడు.

చిన్నప్పుడు అతని దగ్గరున్న గిటార్‌కి రెండే తీగలు మిగిలాయట. వాటితోనే కుస్తీ పడుతుంటే పక్కింటాయన చూసి, గిటార్ బాగుచేసి, వేళ్ళు ఎక్కడ పెట్టాలో చూపించాడు. రిచీది ఎడమచేతి వాటం. అయినా పట్టుబట్టి కుడిచేతివాళ్ళలాగే వాయించడం నేర్చుకున్నాడు. ఇంట్లో మరియాచీ పాటలు, మెక్సికన్ జానపదాలు, రేడియోలో నల్లజాతి గాయకుల రిథమ్ అండ్ బ్లూస్, కౌబాయ్ సినిమాల పాటలు, అన్నీ కలిసి అతని చెవిలో పడ్డాయి. గురువు దగ్గర పద్ధతిగా నేర్చుకున్న సంగీతం కాదు, విని పట్టుకున్నది. స్కూల్లో మధ్యాహ్నం భోజనం వేళ చెట్టుకింద కూర్చుని స్నేహితులకి పాడి వినిపించేవాడు. ఒక్కోసారి పాట మధ్యలో అక్కడికక్కడే కొత్త చరణాలు కట్టేవాడు. మన ఊళ్ళలో బుర్రకథ చెప్పేవాళ్ళు ఎదురుగా ఉన్న జనాన్ని చూసి మాట కలిపినట్టన్నమాట!

ఆకాశం నుంచి పడ్డ శకలాలు

1957 జనవరి 31న పకోయిమాలో ఒక ఘోరం జరిగింది. పరీక్ష కోసం ఎగిరిన డగ్లస్ డీసీ-7బి విమానం, వైమానిక దళానికి చెందిన ఎఫ్-89 జెట్ విమానం సుమారు 25,000 అడుగుల ఎత్తున ఢీకొన్నాయి. డీసీ-7 శకలాలు పకోయిమా జూనియర్ హైస్కూలు ఆటస్థలం మీద పడ్డాయి. విమానాల్లోని ఐదుగురు, స్కూలు పిల్లలు ముగ్గురు చనిపోయారు. దాదాపు 75 మందికి గాయాలయ్యాయి. జనావాసాల మీద పరీక్షా విమానాలు ఎగరకుండా నియమాలు రావడానికి కారణమైన ప్రమాదాల్లో ఇది ముఖ్యమైనది.

రిచీ ఆ స్కూల్లోనే చదివేవాడు. ఆ రోజు అతను స్కూల్లో లేడు. తాతగారి అంత్యక్రియలకు వెళ్ళాడు. అలా బతికాడు. కానీ ఆ తర్వాత విమానాలు పడిపోతున్నట్టు పీడకలలు వచ్చేవని, విమానం ఎక్కాలంటే భయపడేవాడని ఇంటివాళ్ళు, స్నేహితులు చెప్పారు. రెండేళ్ళ తర్వాత జరిగినది తెలిసినవాళ్ళకి ఈ సంగతి ఎప్పుడు గుర్తొచ్చినా ఒళ్ళు జలదరిస్తుంది.

నేలమాళిగలో స్టూడియో

16 ఏళ్ళకి రిచీ ‘సిల్హౌట్స్’ అనే స్థానిక బృందంలో గిటార్ వాయించడానికి చేరాడు. మెక్సికన్, ఆఫ్రికన్, జపనీస్ మూలాలున్న కుర్రాళ్ళు కలిసిన బృందం అది. కొద్దిరోజుల్లోనే అసలు గాయకుడు తప్పుకుంటే రిచీయే ప్రధాన గాయకుడయ్యాడు. కుర్రాళ్ళకి వేదిక దొరకనప్పుడు తల్లి స్వయంగా ఊళ్ళోని అమెరికన్ లీజియన్ హాలు అద్దెకు తీసుకుని నాట్యాల కార్యక్రమం పెట్టించింది. సంపాదించే మనిషి లేని ఇంట్లో ఆ తల్లి చేసిన సాహసం అది. లోయలో జనం అతన్ని అక్కడి ‘లిటిల్ రిచర్డ్’ అని పిలవడం మొదలుపెట్టారు.

ఆ మాట హాలీవుడ్‌లో చిన్న రికార్డింగ్ కంపెనీ నడుపుతున్న బాబ్ కీన్ చెవిన పడింది. ఆయన కంపెనీ పేరు డెల్-ఫై. ఒక శనివారం ఉదయం శాన్ ఫెర్నాండోలో ఒక సినిమా హాల్లో రిచీ పాడుతుంటే వెళ్ళి చూశాడు. నచ్చింది. తన ఇంటికి రమ్మన్నాడు. ఆ ఇంటి నేలమాళిగలో కీన్ చిన్న స్టూడియో ఏర్పాటు చేసుకున్నాడు. రెండు ట్రాకుల టేపు యంత్రం, మైకులు, అంతే. అక్కడే రిచీ తొలి పాటలకి నమూనాలు తయారయ్యాయి. కీన్‌కి ఎదురైన చిక్కేమిటంటే, ఈ కుర్రాడు ఒకే పాటని రెండుసార్లు ఒకేలా పాడేవాడు కాదు. ప్రతిసారీ మాటలు మారిపోయేవి, పొడవు మారిపోయేవి. రెండు మూడు నిమిషాల రికార్డులో పట్టేలా ఒక రూపానికి తేవడానికి ఇద్దరూ చాలా కష్టపడ్డారు.

1958 మే 27న ఒప్పందం మీద సంతకాలయ్యాయి. అప్పటికి రిచీకి 17 నిండి రెండు వారాలు. రికార్డింగ్ హాలీవుడ్‌లోని గోల్డ్ స్టార్ స్టూడియోలో జరిగింది. డ్రమ్స్ మీద ఎర్ల్ పామర్, గిటార్ మీద క్యారల్ కే, రెనే హాల్ లాంటి ఆరితేరిన వాద్యకారులు కూర్చున్నారు. తర్వాతి రోజుల్లో వందల హిట్ పాటల వెనుక ఉన్నవాళ్ళు వీళ్ళు. అంతమంది పెద్దల మధ్య, నొటేషన్ చదవడం రాని ఒక హైస్కూలు కుర్రాడు నిలబడి గిటార్ మీద తనకి కావలసింది వాయించి చూపిస్తే, వాళ్ళు దాన్ని పట్టుకుని వాయించారు. తొలి పాట ‘కమాన్, లెట్స్ గో’ ఆ వేసవిలో విడుదలై బిల్‌బోర్డ్ జాబితాలో 42వ స్థానం దాకా వెళ్ళింది. ఎవరికీ తెలియని కుర్రాడి మొదటి రికార్డుకి అది చిన్న విషయం కాదు.

వాలెన్‌జువేలా నుంచి వాలెన్స్

ఆ రికార్డు మీద పేరు రిచర్డ్ వాలెన్‌జువేలా కాదు, రిచీ వాలెన్స్. ఇది కీన్ ఆలోచన. రిచీ అనే పేరుతో అప్పటికే గాయకులు ఉన్నారు కాబట్టి అక్షరాల్లో ఒక ‘టీ’ కలిపాడు. ఇంటిపేరులో సగం కోసేశాడు. కారణం మొహమాటం లేకుండా వ్యాపారమే. మెక్సికన్ పేరు కనపడితే రేడియో స్టేషన్లవాళ్ళు ఆ రికార్డుని మెక్సికన్ పాటల అరలో పెట్టేస్తారని, దేశమంతా వినిపించదని ఆయన భయం. 1958లో ఆ భయం నిరాధారం కాదు.

ఈ చోట మనం ఒక్క క్షణం ఆగుతాం. వేంకట సుబ్రహ్మణ్యాలు ‘సుబ్బు’లుగా, ‘శ్యామ్’లు ‘సామ్’లుగా మారిన సమాజం మనది. ఆఫీసులో ఫోన్ చేసి పేరు చెప్పాల్సి వచ్చినప్పుడు ఒక్కో అక్షరం విడమరచి చెప్పి అలసిపోయి, చివరికి చిన్న పేరు పెట్టుకున్నవాళ్ళు మనలో ఎందరో. అది తప్పని గానీ ఒప్పని గానీ నేను తీర్పు చెప్పడం లేదు. రిచీ కూడా తన కొత్త పేరు గురించి గొడవ పెట్టిన దాఖలాలు లేవు. ఇంట్లో, వీధిలో అతను పాత రిచీయే. ఆసక్తికరమైన సంగతి తర్వాత జరిగింది. ఇంటిపేరులోంచి మెక్సికోని తీసేసిన అదే కీన్, కొద్ది నెలలకే అతని చేత స్పానిష్ పాట పాడించాడు!

డోనా ఒకవైపు, లా బాంబా ఒకవైపు

రెండో రికార్డు 1958 అక్టోబరులో వచ్చింది. ఆ రోజుల్లో సింగిల్ అంటే రెండు పాటలు, ఒకవైపు ఒకటి, తిప్పితే ఒకటి. ఒకవైపు ‘డోనా’. తనతో చదువుకునే అమ్మాయి కోసం రిచీ కట్టిన నెమ్మదైన విరహగీతం. 17 ఏళ్ళ పిల్లవాడి గొంతులోని అమాయకత్వమే ఆ పాటకి బలం. అది బిల్‌బోర్డ్ జాబితాలో 2వ స్థానానికి చేరింది. పది లక్షలకి పైగా కాపీలు అమ్ముడుపోయాయి. అయితే 2వ స్థానానికి చేరిన రోజుకి పాడినవాడు లేడు.

రికార్డు రెండోవైపు ‘లా బాంబా’. ఇది రిచీ సొంత పాట కాదు. మెక్సికో తూర్పు తీరంలోని వెరాక్రూజ్ ప్రాంతపు జానపదం. అక్కడ పెళ్ళిళ్ళలో వధూవరులు ఈ పాటకి నాట్యం చేస్తూ కాళ్ళతోనే ఒక పొడుగాటి రిబ్బన్‌ని ముడివేస్తారు. తరతరాలుగా పాడుతున్న పాట కాబట్టి ఎవరు రాశారో తెలియదు. ఎవరికి తోచిన చరణం వాళ్ళు కలుపుకుంటూ పోయారు. మన పెళ్ళిపాటలు, దంపుళ్ళ పాటలు ఎలా పెరిగాయో అలాగే.

ఈ పాటని రాక్ అండ్ రోల్ చేద్దామని కీన్ అంటే రిచీ మొదట వెనకాడాడు. పెద్దవాళ్ళు పెళ్ళిలో పాడుకునే పాటని ఎలక్ట్రిక్ గిటార్‌తో హోరెత్తిస్తే అగౌరవం అవుతుందేమోనని అతని సందేహం. దానికి తోడు ఇంకో ఇబ్బంది. రిచీకి స్పానిష్ సరిగా రాదు! ఇంట్లో వినడమే గానీ, పెరిగింది ఇంగ్లీషులో. చివరికి పిన్ని ఒకామె పక్కన కూర్చుని పాట మాటలు చెప్పింది. వాటిని అతను ఉచ్చారణ పట్టుకుని నేర్చుకుని పాడాడు.

మన సమావేశాల్లో పాటల పోటీలకు వచ్చే పిల్లల చేతిలో కాగితం చూడండి. తెలుగు పాట ఇంగ్లీషు అక్షరాల్లో రాసి ఉంటుంది. ‘ళ’ దగ్గర అమ్మ ఎర్ర సిరాతో గీత గీసి ఉంటుంది. అర్థం సగమే తెలుసు, రాగం మాత్రం మొత్తం వచ్చు. భాష రాకుండా పాట ఏమిటని పెదవి విరిచే పెద్దలు మనలో ఉన్నారు. వాళ్ళ బాధా అబద్ధం కాదు. కానీ ఇరవయ్యో శతాబ్దపు అమెరికాలో స్పానిష్ పాటకి పెద్ద తలుపు తెరిచిన కుర్రాడు కూడా అలాంటి కాగితం పట్టుకున్నవాడే అని వాళ్ళు గుర్తుపెట్టుకుంటే బాగుంటుంది. ఆ కాగితం రాసిచ్చే పిన్ని ఒకరు ఉండటమే ముఖ్యం.

రిచీ పాడిన తీరు వింటే అందులో అగౌరవం ఏమీ కనపడదు. గిటార్ మీద ఆ మొదటి వరస మొదలవగానే పాదం దానంతట అదే కదులుతుంది. సంగీతపరంగా చూస్తే మూడు కార్డులు, ఒకే వరసలో తిరుగుతూ ఉంటాయి. దాని కింద కరేబియన్ తీరపు లయ, పైన రాక్ అండ్ రోల్ వేగం. ఆ మూడు కార్డుల చక్రం తర్వాత ఎన్నో పాటల్లో వినపడింది. బీటిల్స్ పాడి ప్రపంచమంతా ఊపేసిన ‘ట్విస్ట్ అండ్ షౌట్’ని దీని పక్కన పెట్టి వింటే పోలిక ఎవరికైనా తెలుస్తుంది. లా బాంబా 1959 మొదట్లో బిల్‌బోర్డ్‌లో 22వ స్థానానికి చేరింది. మొత్తం స్పానిష్‌లో ఉన్న రాక్ పాట, ఇంగ్లీషు రేడియోల్లో! అప్పటికి అది ఊహించని సంగతి.

కొద్ది నెలల వెలుగు

1958 అక్టోబరులో డిక్ క్లార్క్ నిర్వహించే ‘అమెరికన్ బ్యాండ్‌స్టాండ్’ టీవీ కార్యక్రమంలో రిచీ కనిపించాడు. కార్యక్రమాలు పెరిగి చదువు సాగలేదు. హైస్కూలు మానేశాడు. డిసెంబరులో న్యూయార్క్‌లో అలన్ ఫ్రీడ్ ఏర్పాటు చేసిన క్రిస్మస్ ప్రదర్శనల్లో చక్ బెర్రీ, ఎవర్లీ బ్రదర్స్, బో డిడ్లీ, ఎడ్డీ కాక్రన్, జాకీ విల్సన్‌ల సరసన పాడాడు. ఆరు నెలల కిందట వాళ్ళ రికార్డులు విని నేర్చుకున్న కుర్రాడు వాళ్ళతో ఒకే వేదిక ఎక్కాడు. 1959లో విడుదలైన ‘గో, జానీ, గో’ సినిమాలో ఒక పాట పాడుతూ కనిపిస్తాడు. అతను కదులుతూ పాడే దృశ్యం మనకి మిగిలింది ఆ చిత్రంలోనే.

ఆ డిసెంబరులోనే మరో కార్యక్రమం జరిగింది. తను చదివిన పకోయిమా జూనియర్ హైస్కూలుకి వెళ్ళి పిల్లల ముందు పాడాడు. రెండేళ్ళ కిందట విమాన శకలాలు పడిన స్కూలే అది. ఆ పాటలని టేపు చేసి ఉంచారు. 1960లో ఆల్బమ్‌గా వచ్చింది. పెద్ద వేదిక కాదు, గొప్ప వాద్యబృందం లేదు. కానీ తన ఊరి పిల్లల అరుపుల మధ్య అతని గొంతులోని సంతోషం రికార్డులో స్పష్టంగా తెలుస్తుంది.

వచ్చిన డబ్బుతో రిచీ చేసిన మొదటి పెద్ద పని తల్లికి ఇల్లు కొనడం. అది తెలిసి మురిసిపోని తెలుగు తల్లి ఉండదు.

మంచులో యాత్ర

1959 జనవరి 23న మిల్వాకీలో ‘వింటర్ డాన్స్ పార్టీ’ అనే సంగీత యాత్ర మొదలైంది. 24 రోజుల్లో 24 ఊళ్ళు. ప్రధాన ఆకర్షణ బడీ హాలీ. ఆయనతో పాటు ‘బిగ్ బాపర్’గా పేరుపొందిన జె.పి. రిచర్డ్‌సన్, డయాన్ అండ్ ది బెల్మాంట్స్ బృందం, ఫ్రాంకీ సార్డో, మన రిచీ. కాలిఫోర్నియా ఎండలో పెరిగిన పిల్లవాడికి మిడ్‌వెస్ట్ చలికాలం అదే మొదటిసారి.

యాత్ర ఏర్పాటు చేసినవాళ్ళు మ్యాప్ చూసినట్టు లేరు. వరసగా దగ్గర ఊళ్ళు పెట్టకుండా ఒక రోజు ఇటు, మరుసటి రోజు వందల మైళ్ళు అటు, మళ్ళీ వెనక్కి. బస్సులేమో పాతవి. దారిలో చెడిపోయేవి, హీటర్లు పనిచేసేవి కావు. బయట సున్నాకి ఎంతో దిగువన ఉష్ణోగ్రత. హాలీ డ్రమ్మర్ కార్ల్ బంచ్‌కి మంచుకి పాదాలు దెబ్బతిని ఆసుపత్రిలో చేరాల్సి వచ్చింది. ఆ తర్వాత హాలీ, రిచీ, బెల్మాంట్స్‌లో ఒకరు వంతులు వేసుకుని ఒకరి పాటకి ఒకరు డ్రమ్స్ వాయించారు. రిచర్డ్‌సన్‌కి ఫ్లూ పట్టుకుంది. రిచీకీ ఒంట్లో బాగాలేదు.

ఫిబ్రవరి 2న అయోవాలోని క్లియర్ లేక్‌లో, సర్ఫ్ బాల్‌రూమ్‌లో ప్రదర్శన. మరుసటి ఊరు మిన్నెసోటాలోని మూర్‌హెడ్, 350 మైళ్ళకు పైగా దూరం. మళ్ళీ ఆ బస్సు ఎక్కలేక హాలీ ఒక చిన్న విమానం మాట్లాడాడు. ముందుగా చేరితే కాస్త నిద్రపోవచ్చు, మాసిన బట్టలు ఉతికించుకోవచ్చు. పైలట్ కాక ముగ్గురికే చోటు. మనిషికి 36 డాలర్లు.

మిగిలిన రెండు సీట్లు హాలీ బృందంలోని వేలన్ జెన్నింగ్స్, టామీ ఆల్సప్‌లవి. జెన్నింగ్స్ తన సీటు జ్వరంతో ఉన్న రిచర్డ్‌సన్‌కి ఇచ్చేశాడు. విమానం అంటే భయపడే రిచీ ఆ చలి తట్టుకోలేక ఆల్సప్‌ని మళ్ళీ మళ్ళీ అడిగాడు. చివరికి నాణెం ఎగరేశారు. బొమ్మ పడింది. రిచీ కోరుకున్నది బొమ్మే. ఆల్సప్ ఆ తర్వాత మరో 58 ఏళ్ళు బతికి 2017లో చనిపోయాడు. డయాన్ తర్వాతి కాలంలో వేరే కథ చెప్పాడు. సీటు తనకే వచ్చిందని, 36 డాలర్లు తన తల్లిదండ్రుల నెల అద్దె అని గుర్తొచ్చి వదులుకున్నానని. ఏది నిజమైనా, ఆ సీట్లో కూర్చున్నది రిచీయే.

ఒక చిన్న పరికరం

1959 ఫిబ్రవరి 3 తెల్లవారుజామున, ఒంటిగంట ప్రాంతంలో బీచ్‌క్రాఫ్ట్ బొనాంజా మేసన్ సిటీ విమానాశ్రయం నుంచి లేచింది. కొద్ది నిమిషాలకే, కొన్ని మైళ్ళ దూరంలో మంచు కప్పిన మొక్కజొన్న చేలో కూలిపోయింది. శకలాలు కనుక్కునేసరికి ఉదయం తొమ్మిదిన్నర దాటింది. హాలీకి 22, రిచర్డ్‌సన్‌కి 28, పైలట్ రోజర్ పీటర్సన్‌కి 21, రిచీకి 17. ఎవరూ మిగల్లేదు.

ఇంజనీర్లు చదవాల్సిన భాగం విచారణ నివేదిక. తేలికపాటి మంచు, గాలి, చీకటి. బయట నేలకీ ఆకాశానికీ తేడా తెలియని పరిస్థితి. అలాంటప్పుడు పైలట్ కంటిని కాక పరికరాలని నమ్మి నడపాలి. పీటర్సన్‌కి ఆ అర్హత ఇంకా రాలేదు. దారిలో వాతావరణం చెడుతోందన్న ప్రత్యేక హెచ్చరికలు అతనికి అందలేదు. పైగా ఆ విమానంలో ఉన్న స్పెర్రీ ఎఫ్-3 అనే పరికరం, విమానం ముక్కు పైకి లేస్తోందా, కిందికి వాలుతోందా అన్నది అతను శిక్షణలో చూసిన పరికరానికి సరిగ్గా వ్యతిరేకంగా చూపిస్తుంది. అంటే కిందికి దిగుతుంటే పైకి వెళ్తున్నామని అతను భ్రమపడి ఉండవచ్చు. పరికరం చెడిపోలేదు, ఇంజను చెడిపోలేదు. చూపించే పద్ధతి, చూసేవాడి అలవాటు కలవలేదు, అంతే. మనం తెర మీద ఒక బటన్ స్థానం మార్చేటప్పుడు, ఒక గుర్తు తిరగేసేటప్పుడు గుర్తుంచుకోదగ్గ సంగతి ఇది.

పోయాక పెరిగిన పేరు

రిచీని శాన్ ఫెర్నాండో మిషన్ శ్మశానవాటికలో ఖననం చేశారు. అతని మొదటి ఆల్బమ్ చనిపోయాకే వచ్చింది. తన ఆల్బమ్ ఒక్కటి కూడా చేత్తో పట్టుకుని చూసుకోలేదు. 1971లో డాన్ మెక్లీన్ ‘అమెరికన్ పై’ పాటతో ఆ ఫిబ్రవరి రోజు కొత్త తరానికి కూడా తెలిసింది. కానీ ఆ తలపుల్లో ఎక్కువ వాటా హాలీదే. రిచీ చాలాకాలం ఆ ముగ్గురిలో మూడోవాడుగానే ఉండిపోయాడు.

1975లో బ్రిటిష్ బృందం లెడ్ జెప్పెలిన్ ‘బూగీ విత్ స్టూ’ అనే పాట విడుదల చేసింది. అది రిచీ పాట ఒకదాని మీద ఆధారపడ్డది. కొడుకు పాటల మీద ఆ తల్లికి డబ్బు సరిగా అందడం లేదని విని, రచయితల పేర్లలో ‘మిసెస్ వాలెన్స్’ అని కూడా వేశారు. మంచి మనసుతో చేసిన ఆ పని హక్కుదారులతో కోర్టు తగాదాకి దారితీసింది. కళాకారుడి పాట ఒకచోట, దాని హక్కు ఇంకొకచోట ఉండే లోకం ఇది!

1987లో దర్శకుడు లూయిస్ వాల్డెజ్ అతని జీవితాన్ని ‘లా బాంబా’ పేరుతో సినిమాగా తీశాడు. లూ డైమండ్ ఫిలిప్స్ రిచీగా నటించాడు. పాటలు పాడింది తూర్పు లాస్ ఏంజెలస్ బృందం లాస్ లోబోస్. వాళ్ళు పాడిన లా బాంబా బిల్‌బోర్డ్‌లో మొదటి స్థానానికి వెళ్ళింది. స్పానిష్ పాట అమెరికాలో ఆ స్థానానికి చేరడం అదే మొదలు. అందులో ఒక అందమైన పని చేశారు. రాక్ హోరు ఆగాక చివర్లో కొద్దిసేపు పాత వెరాక్రూజ్ వాద్యాలతో జానపద పద్ధతిలో వాయించి ముగించారు. రిచీ ఎక్కడి నుంచి తెచ్చాడో అక్కడికి పాటని తిరిగి తీసుకెళ్ళినట్టు. సినిమా వచ్చిన ఏడాదే తల్లి కన్నుమూసింది. కొడుకు పక్కనే ఆమె సమాధి.

ఆ తర్వాత గౌరవాలు వరసకట్టాయి. 1990లో హాలీవుడ్ కాలిబాట మీద నక్షత్రం, 1993లో తపాలా బిళ్ళ, 2001లో రాక్ అండ్ రోల్ హాల్ ఆఫ్ ఫేమ్. 2004లో రోలింగ్ స్టోన్ పత్రిక ఎంచిన 500 గొప్ప పాటల్లో ఇంగ్లీషు కానిది లా బాంబా ఒక్కటే. 2019లో ప్రకటించిన జాబితాలో లైబ్రరీ ఆఫ్ కాంగ్రెస్ దాన్ని జాతీయ రికార్డింగుల భాండాగారంలో చేర్చింది. సర్ఫ్ బాల్‌రూమ్ 2021లో జాతీయ చారిత్రక స్థలం అయింది.

ఇంటిపేరు సగం కోస్తే గానీ రేడియోలో వినిపించదనుకున్న కుర్రవాడి గొంతు, మాటల అర్థం పూర్తిగా తెలియని పాటతోనే, దేశం దాచుకునే నిధి అయింది. అతని ఇంటిపేరు సగమే మిగిలింది. అతని పిన్ని చెప్పిన పాట మాత్రం ఒక్క మాట తగ్గకుండా మిగిలింది. మన పిల్లలు వేదిక మీద తడబడుతూ తెలుగు పాడినప్పుడు ముందు వరసలో కూర్చున్న మనం గట్టిగా చప్పట్లు కొడదాం. ఇంటికెళ్ళాక ఇంకో పాట రాసిద్దాం.